గమ్లీబాయి గొంతు

సేవంతి రాథోడ్ ఒకప్పుడు రాష్ట్రం తరఫున పరుగు పందేల్లో పాల్గొన్న మనిషి. మోకాలు దెబ్బతిని ట్రాక్ వదిలేశాక ఆమెకు కొత్త పిచ్చి పట్టుకుంది. సీరియల్లో లంబాడీ వేషం ఉంటే చాలు, పట్నం పిల్లకు నల్లరంగు పూసి, అద్దాల రవిక తొడిగి నిలబెడతారు. అది చూసినప్పుడల్లా ఆమెకు ఒళ్లు మండేది. “మా వేషానికి మేం లేమా?” అంటూ స్టూడియోల చుట్టూ చెప్పులరిగేలా తిరిగింది. వాళ్లు ఓపిగ్గా విని, టీ ఇచ్చి పంపేసేవారు. ఎంతైనా మర్యాదస్తులు!

చివరికి వికారాబాద్ దగ్గర అనంతగిరి గుట్టల్లో సీరియల్ తీస్తున్న దర్శకుడొకాయన ఒప్పుకున్నాడు. తాండూరు నాపరాతి గనిలో కొడుకును పోగొట్టుకున్న తల్లి వేషం. ఇది కుదిరితే మిగతా లంబాడీ వేషాలన్నీ తండా వాళ్లకేనన్నాడు. సేవంతి తన తల్లి గమ్లీబాయినే తీసుకెళ్లింది. సేవంతి తమ్ముడు శ్రావణ్ కిందటేడు అలాంటి గనిలోనే మీద బండ విరిగిపడి చనిపోయాడు. ఆ సంగతి దర్శకుడి చెవిన వేసిందీ ఆమే.

షూటింగ్ రోజు గుట్ట మీద ఒక కుర్ర నటుడు తెల్లగుడ్డ కప్పుకుని శవంలా పడుకున్నాడు. గమ్లీబాయి వెనక్కి జరిగింది.

“బతికున్నోని మీద పడి ఏడ్వద్దు బిడ్డా. వానికి మంచిది కాదు.”

“జర నాకోసం, యాడీ. మన మొఖం, మన గొంతు టీవీల రావాలె,” అని తల్లిని బతిమాలింది సేవంతి.

తల్లి మళ్లీ ముందుకు జరిగింది. “గట్లయితే నా కొడుకును తలుసుకొనే ఏడుస్త.”

తండాలో చావుకు ఏడ్చేటప్పుడు పోయినవాడి బతుకంతా రాగం తీసి చెప్తారు. గమ్లీబాయి శ్రావణ్‌ను పేరుపెట్టి పిలుస్తూ, వాడి పసితనం నుంచి ఎత్తుకుని, లంబాడీలోనే గుండెలవిసేలా ఏడ్చింది. లైట్లు పట్టుకున్నవాళ్లు కూడా కళ్లు తుడుచుకున్నారు. సేవంతికీ తమ్ముడు గుర్తొచ్చి ఏడుపొచ్చింది. దాంతోపాటే, సిగ్గులేకుండా, గెలిచానన్న సంబరమూ కలిగింది.

“అద్భుతం! ఇంకోసారి, క్లోజప్‌లో,” అన్నాడు దర్శకుడు.

ఆ మాట తల్లికి చెప్పాల్సింది సేవంతే. చెప్పింది. మళ్లీ చెప్పింది. పొద్దు వాలేసరికి గమ్లీబాయి కళ్లు ఎండిపోతే గ్లిజరిన్ వేశారు.

సీరియల్ వచ్చిన సాయంత్రం తండా అంతా వాళ్లింట్లోనే ఉంది. తెర నిండా గమ్లీబాయి ముఖం కనబడగానే పిల్లలు ఈలలు వేశారు. ఆమె నోరు తెరిచింది. వినిపించింది మాత్రం వేరే ఎవరిదో గొంతు. “నాయనా శివా, నన్నొదిలి వెళ్లిపోయావా!” అంటూ తేట తెలుగులో భోరుమంది. చూసేవాళ్లకు అర్థం కావాలని గొంతు మార్చేశారు, సేవంతికి మాటమాత్రమైనా చెప్పకుండా.

ఆమె ఫోన్‌కు దర్శకుడి మెసేజ్ వచ్చింది. “మంచి పేరొచ్చింది. ఇక వేషాలన్నీ మీవాళ్లకే.”

ఇన్నేళ్లు కోరుకున్న మాట అది. సేవంతి తలెత్తలేకపోయింది.

గమ్లీబాయి తెర వైపే చూస్తూ కూతురి చెయ్యి పట్టుకుంది.

“గా ఏడ్చేటామె ఎవలు బిడ్డా? పాపం, ఆమె కొడుకు ఎట్ల సచ్చిండట?”