పై గొళ్లేనికి ఇంకో తాళం

ఇంట్లో ఉండనివ్వమన్న కోర్టు కాగితం చేతిలో ఉంది, వెనక ఇద్దరు పోలీసులున్నారు. అయినా సొంత గడప దాటడానికి రాధాకుమారి తటపటాయించింది. త్రిపురాంతకం దగ్గర ఆ ఊళ్లో పద్నాలుగేళ్లు కాపురం చేసిన ఇల్లది. ఇసుక జల్లించి, గోడలకు నీళ్లు కొట్టి, మొగుడితో సమానంగా రెక్కలు ముక్కలు చేసుకుని కట్టుకున్న రెండు గదులు. గొర్రెల బేరం చేసే ఆ మొగుడు శివకృష్ణ, దర్శిలో ఇంకొకామెను చేరదీశాడు. అదేందని అడిగిన పాపానికి ఈమెను కొట్టి బయటికి నెట్టి, ఇల్లు మా అమ్మదన్నాడు. ఎనిమిది నెలలు అక్క ఇంటి వరండాలో పడుకుని కోర్టు చుట్టూ తిరిగింది.

హెడ్ కానిస్టేబుల్ ఇశ్రాయేలు తలుపు తెరిపించి కాగితం ముందు పెట్టాడు. "కోర్టు చెప్పినట్టు నిన్ను ఇంటి లోపల పెట్టినాం. ఇక్కడ సంతకం చెయ్యమ్మా."

"మీరు పోతే ఎట్ల సార్?"

"రోజూ నీ వాకిట్లో కూర్చోమంటావా ఏంది? ఏమన్నా అయితే ఫోన్ చెయ్యి."

సంతకం చేసింది. మార్కాపురం నుంచి వకీలు ఫోన్లో ఒకే మాట పదిసార్లు చెప్పాడు. ఇల్లు మాత్రం వదలొద్దు, తాళం పగలగొట్టినారంటే కేసు పడి వాళ్ల పని అయిపోయినట్టే అన్నాడు.

ఆ రోజు శివకృష్ణ నోరెత్తకుండా పక్క వాటాలో తల్లి దగ్గరికి చేరాడు. నోరెత్తి తిట్టినా ఆమెకు అంత భయం వేసేది కాదు. తెల్లారి కుళాయి తిప్పితే చుక్క రాలేదు. బోరు మోటారు స్విచ్చి పక్క వాటాలో, అత్త రాఘవమ్మ చేతిలో ఉంది.

"మోటారు కాలిపోయిందే తల్లీ," అంది రాఘవమ్మ.

కాలిపోయిన మోటారు కోడికూత వేళ గోడకవతల నిక్షేపంగా మోగడం రాధాకుమారి చెవులారా వింది. ఇరుగుపొరుగు మంచివాళ్లే, కాకపోతే అందరి ఇళ్లలోనూ ఒకేసారి నీళ్లు అయిపోయాయట. తెచ్చుకున్న క్యాను నీళ్లు గుటకలు లెక్కపెట్టుకుని రెండు రోజులు తాగింది.

మూడోరోజు, శుక్రవారం పొద్దున, వీధి చివర ట్యాంకర్ హారన్ కొట్టింది. వెళ్తే ఇల్లు ఏమవుతుందో, వెళ్లకపోతే తానేమవుతుందో తెలియక కాసేపు తలుపు పట్టుకుని నిలబడింది. నాలుక పిడచకట్టుకుపోతోంది. చివరికి కింది గొళ్లేనికి తాళం వేసి, తాళంచెవి బొడ్లో దోపుకుని, రెండు బిందెలు, చెంబు తీసుకుని పరుగెత్తింది.

ఒకదాని తర్వాత ఒకటి బిందెలు మోసుకొచ్చి చూస్తే, తన తాళం వేసినట్టే ఉంది. పై గొళ్లేనికి ఇంకో తాళం వేలాడుతోంది. కొత్త ఇత్తడి తాళం.

"అత్తా, ఇది ఎవరు వేసినారు?"

"నాకేం తెలుసే, నేను మిరపకాయలకు తొడిమలు తీస్తావుంటిని," అంది రాఘవమ్మ తలెత్తకుండా.

పొద్దున ఫోన్ చేస్తే ఇశ్రాయేలు సాయంత్రానికి వచ్చాడు. ఎండన పడి వచ్చి దాహమంటే, బిందెలోంచి చెంబుతో నీళ్లిచ్చింది. ఆయన గటగటా తాగి రెండు తాళాలూ చూశాడు.

"నీ తాళం పగలగొట్టలేదు. నిన్ను ముట్టుకోలేదు. ఏమని రాయాల?"

"నా ఇంటికి తాళం వేసినారని రాయండి సార్."

"లోపల పెట్టమన్నారు, పెట్టినాం. నీ సంతకం ఉంది. నువ్వే బయటికి పోతివి. మళ్ళ ఆర్డర్ తెచ్చుకో."

"నీళ్లకు పోయినాను సార్!"

ఆయన చెంబు కింద పెట్టి బండెక్కాడు. ఆ బండి మలుపు తిరగ్గానే శివకృష్ణ వచ్చాడు. "నీ తాళం తీస్కో. నీ చీరలు ఇచ్చేస్తా, పో."

మూడు రోజుల్లో వాడు మాట్లాడిన మొదటి మాట అది. అప్పుడు అర్థమైంది ఆమెకు. తన తాళం ఉన్నంతసేపు వాడూ లోపలికి పోలేడు.

"తియ్యను. పగలగొట్టుకో," అంది.

వాడు రాయి అందుకున్నాడు. ఆమె ఫోను తీసి, వీడియో పెట్టి వాడి ముఖానికి ఎదురుగా పట్టుకుంది. వాడు రాయి అక్కడే పడేసి వెళ్లిపోయాడు.

రాధాకుమారి గడప మీద కూర్చుంది. సోమవారం దాకా కోర్టు లేదు. ఇశ్రాయేలు తాగింది పోను మిగిలిన నీళ్లు అప్పటిదాకా రావాలి.