ఉరుకుందు సముద్ర స్నానం

ఆలూరు వైపు పుట్టినవాళ్ళకు నీళ్ళంటే భలే మర్యాద. చెంబుడు నీళ్ళతో మొహమూ కాళ్ళూ కడుక్కుని, మిగిలిన గుక్కెడు తెచ్చి బర్రె కుడితిలో పోసే జనం. అలాంటి మెట్టరైతులను పదిమందిని పోగుచేసి బ్లాకు ఆఫీసువాళ్ళు నెల్లూరు తీసుకుపోయారు. రైతుల యాత్ర అని దానికి పేరు. కాలవ నీళ్ళ కింద తరి సేద్యం చూపించి, ఆఖరి రోజు సముద్రం చూపించి, పడవ ఎక్కించి, చేపల పులుసుతో భోజనం పెట్టించి పంపుతారట. దారి చూపే పెద్దమనిషి గ్రామసేవక్ నారాయణ. రాజంపేట కుర్రాడు, మెడలో ఈల, కాళ్ళకు బూట్లు. ఆయన కూడా అంతవరకూ సముద్రం మొహం చూసి ఎరగడు. ఆ సంగతి మాత్రం ఎవరికీ చెప్పలేదు.

యాత్ర అనగానే తక్కినవాళ్ళంతా ఎగిరి గంతేశారు గానీ, ఆ పదిమందిలో ఒకడైన ఉరుకుందు గుండెల్లో మాత్రం రాయి పడింది. అతని పెండ్లాం నాగక్క నీళ్ళోసుకుని ఉంది. మూడో నెల.

పెండ్లాం కడుపుతో ఉంటే మొగుడు సముద్రంలో మునగకూడదు. పచ్చని చెట్టు కొట్టకూడదు. పాడె మోయకూడదు, తల గొరిగించుకోకూడదు. ఈ కూడదులన్నీ ఉరుకుందుకు కంఠతా వచ్చు. రాక చస్తాయా? రెండుసార్లు దెబ్బ తిన్నవాడాయె. మొదటిసారి నాగలికని తుమ్మచెట్టు కొట్టాడు, కొన్నాళ్ళకే నాగక్క కడుపు పోయింది. రెండోసారి తండ్రి పోయాడు. కన్నకొడుకు పాడె మోయకుండా, గుండు చేయించుకోకుండా ఎట్లా కుదురుతుంది? మోశాడు, చేయించుకున్నాడు. ఆ బిడ్డా దక్కలేదు. అమ్మలక్కలు బుగ్గలు నొక్కుకున్నారు. తల్లి మద్దమ్మ ఏడుస్తూ ఏడుస్తూ, "నువ్వు జేసిన పనేరా ఇది" అనేసింది. ఏం న్యాయమో ఇది! వాడు మోసింది ఆమె మొగుణ్ణే. ఆమె ఆ మాట మరిచిపోయి చాలా కాలమైంది గానీ, ఉరుకుందు అన్నం ముందు కూర్చున్నా, పొలంలో గుంటక తోలుతున్నా ఆ మాట చెవిలో మోగుతూనే ఉంది.

దిష్టి తగులుతుందని ఈసారి ఊళ్ళో ఎవరికీ చెప్పలేదు. చెప్పలేదు గనక యాత్రకు రానని అనడానికీ లేదు. ఎందుకు రావు అని పదిమందీ పట్టుకుంటారు. చివరికి మద్దమ్మే తెగేసి చెప్పింది. "పోయి రా. దూరం నుంచే దండం పెట్టుకో. నీళ్ళల్లో కాలు బెట్టినావంటే మల్ల నా మొగం జూడొద్దు." నాగక్క ఏమీ అనలేదు. జొన్నరొట్టెలూ చెనక్కాయల పొడీ మూటగట్టి ఇచ్చి, తలుపు దగ్గర నిలబడి చూసింది. ఏమన్నా అనుంటే బాగుండేదని ఉరుకుందు దారి పొడవునా అనుకున్నాడు.

సముద్రాన్ని చూసిన పదిమందీ ఇసకలో ఎక్కడివాళ్ళక్కడ ఆగిపోయారు. ముందుగా తేరుకున్నవాడు సుంకప్ప. ఉరుకుందుకు చిన్ననాటి జతగాడు, నోరు ఊరుకోని మనిషి. దోసిలితో నీళ్ళు తీసి తాగి, తూ తూ మని ఉమ్మేశాడు. "ఇన్ని నీళ్ళు పెట్టుకోని ఏం లాభమప్పా! బర్రెకు గూడ పనికిరావు."

ఏరు సముద్రంలో కలిసేచోట చేపలు పట్టేవాళ్ళ పల్లె ఉంది. పెద్ద పడవ సిద్ధంగా ఉంది. నారాయణ ఈల ఊది, గుంపు విడిచి ఎవరూ పోవద్దని, పడవలో నిలబడొద్దని, భయపడొద్దని చెప్పాడు. ఆ చివరి మాట చెబుతూనే ఆయన పడవ అంచు గట్టిగా పట్టుకున్నాడు. అందరూ ఎక్కారు. ఉరుకుందు ఎక్కలేదు.

"కడుపులో నొప్పిగా ఉండాది. మీరు పోయి రాండి" అన్నాడు.

పడవ ఏటి మీద హాయిగా తిరిగొచ్చింది. ఆ తర్వాత నారాయణకు ధైర్యం ముదిరింది. ఒక్క మనిషి కాళ్ళు చాపుకుని కూర్చుని, తెడ్డుతో అటూ ఇటూ వేసుకుంటూ నడుపుకునే సన్న దోనెలు అక్కడ ఉన్నాయి. బూట్లు విప్పి, "చూడండి, ఇది శానా సులువు" అంటూ ఒకదాంట్లో కూర్చున్నాడు. దోనె కొంచెం దూరం పోయి, ఏం తోచిందో, వెనక్కి తిరిగి, నిదానంగా బోర్లా పడింది. నీళ్ళు నడుం లోతే. ఆయన లేచి నిలబడి, అదీ పాఠంలో భాగమే అన్నట్టు ఈల ఊదాడు. లోపలికి పోయిన నీళ్ళన్నీ ఈలలోంచి చిమ్మాయి. జనం పొట్టలు పట్టుకుని నవ్వారు. ఒడ్డున ఉన్న ఉరుకుందు ఒక్కడే నవ్వలేదు.

అది సుంకప్ప కంట పడింది. "రేయ్, మోటబాయిలో తలకిందులుగా దూకేటోనివి! మోకాటి లోతుకు భయపడతాండావా?"

"భయం గాదప్పా. వద్దంటాండా గదా."

"వద్దంటే వదుల్తామా? ఇంత దూరమొచ్చి పొడికాళ్ళతో పోతావా?"

నలుగురు కళ్ళతోనే మాట్లాడుకున్నారు. ఇద్దరు చేతులు పట్టారు, ఇద్దరు కాళ్ళు పట్టారు. ఉరుకుందు గింజుకున్నాడు, అరిచాడు, చివరికి బతిమాలాడు. అదంతా వేళాకోళమే అనుకున్నారు వాళ్ళు. కొత్తపెళ్ళికొడుకును మోసినట్టు మోసుకుపోయి, ఊపి ఊపి, వచ్చే అలలోకి విసిరేశారు. తల మునిగింది. ముక్కులోకి, నోట్లోకి ఉప్పు పోయింది.

లేచి వచ్చినవాడు నేరుగా సుంకప్ప దగ్గరికి పోయి చెంప ఛెళ్ళుమనిపించాడు. కొట్టినవాడే భోరున ఏడ్చాడు. ఎవరికీ ఏమీ అర్థం కాలేదు. నారాయణ ఈల నోట్లో పెట్టుకుని ఊదడం మరిచిపోయాడు. ఉరుకుందు తడిబట్టలతో పల్లె వైపు నడిచిపోయాడు. మూడోది కూడా పోయిందనే అతని లెక్క. తల్లికి ఏం చెప్పాలి? అది సరే, నాగక్కకు ఏం చెప్పాలి?

వంట జరుగుతున్న తాటాకు పందిరి కింద కూలబడ్డాడు. పులుసు కలియబెడుతున్న కావమ్మ నిండు నెలల మనిషి. పడవ నడిపిన పోలయ్య పెండ్లాం. ఆమె ఒక పొడిపంచె అతని మీదికి విసిరింది.

"ఏందబ్బయా, మగోడివి, ఏందా ఏడుపు?"

ఊళ్ళో ఎవరికీ చెప్పని మాట పరాయి మనిషికి చెప్పడం ఎంత తేలికో! ఉరుకుందు అంతా చెప్పేశాడు. తుమ్మచెట్టు, తండ్రి పాడె, గుండు, ఇప్పుడీ మునక. కావమ్మ గరిటె పట్టుకుని వింది. ఆఖరుకొచ్చేసరికి నవ్వు ఆపుకోలేక, నడుం పట్టుకుని, గుంజకు ఆనుకుంది.

"మా ఆయన పొద్దుగూకులూ ఆ నీళ్ళల్లోనే గదబ్బయా ఉండేది! నాకు కడుపొచ్చిందని ఇంట్లో కూర్చుంటే కూడెవురు పెడతారు? ఒకసారి కళ్ళు తెరిచి చూడు, ఈ పల్లెలో."

ఉరుకుందు చూశాడు. వల మీద పిల్లలు. బోర్లించిన పడవ మీద పిల్లలు. ఇసకలో పిల్లలు, చంకల్లో పిల్లలు, పందిరి గుంజ పట్టుకుని అతన్నే వింతగా చూస్తూ ముక్కు చీదుకుంటున్న పిల్ల. పొద్దుననగా వచ్చాడు గదా, అంతమంది ఇంతసేపూ కంటికి ఆననే లేదు.

"మరి చెట్టు?" అన్నాడు చిన్నగా.

"పడవలు దేంతో చేస్తారు? చెట్టు కొట్టకుండానే?"

"పాడె?"

ఈసారి కావమ్మ నవ్వలేదు. "తుపానులో పోయినోళ్ళను అలలు ఒడ్డుకు తెచ్చేస్తయ్యి. మోసేది మా మొగోళ్ళే. ఎవురి పెండ్లాం కడుపుతో ఉండాది, ఎవురి పెండ్లాం లేదని చూస్తారా ఆ పొద్దు?" పులుసు కింద మంట తగ్గించి, మళ్ళీ అంది. "నాకూ ఒకటి పోయిందిలే. అప్పుడు మా ఆయన జొరంతో మంచాన పడుండాడు, నెలరోజులు నీళ్ళు తాకలా. నేనెవుర్ని అనాల? పోయేటియ్యి పోతయ్యి అబ్బయా. నువ్వు పంపించలా."

నువ్వు పంపించలా. ఉరుకుందు ఆ మాటను లోపల ఒకటికి రెండుసార్లు అనుకున్నాడు. ఏళ్ళ తరబడి మోసిన బరువు అంత సులువుగా దిగుతుందని అతనికి తెలియదు. ఒళ్ళంతా తేలికైపోయింది. వెంటనే బ్రహ్మాండమైన ఆకలేసింది. కావమ్మ వరిబువ్వ మీద మామిడికాయ వేసిన చేపల పులుసు పోసింది. ముల్లు తీసుకోవడం చేతకాక రెండుసార్లు దగ్గాడు. అయినా విస్తరి నాకినంత పని చేసి లేచాడు.

సుంకప్ప దూరంగా చెంప తడుముకుంటూ కూర్చున్నాడు. ఉరుకుందు పక్కన పోయి చతికిలబడి, నాగక్క సంగతి చెప్పేశాడు. దిష్టి గిష్టి ఏమీ గుర్తు రాలేదు.

సుంకప్ప మొహం మాడిపోయింది. "పాపిష్టోన్ని! ముందే చెప్పింటే నిన్ను తాకింటానేమిరా?"

"ఏం కాదులేప్పా. ఇంగోసారి ఏసినా ఏం కాదు" అన్నాడు ఉరుకుందు. అంటూనే పోయి దోనెలో కూర్చున్నాడు. తెడ్డు ఎట్లా వేసినా అది గానుగెద్దులా అక్కడక్కడే తిరిగింది. సుంకప్ప ఒడ్డున గెంతుతూ, అటెయ్యి ఇటెయ్యి అని పెద్ద తెలిసినవాడిలా కేకలు పెట్టాడు. నాలుగోసారో ఐదోసారో దోనె బోర్లా పడింది. ఉరుకుందు నీళ్ళల్లోంచి తల పైకెత్తి పగలబడి నవ్వాడు. అది చూసి, ఈ మనిషికి పొద్దున ఏమైందో, ఇప్పుడేమైందో తెలియక నారాయణ జుట్టు పీక్కున్నాడు.

మూడో రోజు ఊరు చేరేసరికి నాగక్క పొలంలో పత్తి తీస్తోంది. ఉరుకుందు ఇంటికి కూడా పోకుండా అటే నడిచాడు. సాలులో నిలబడి, దాచకుండా చెప్పాడు.

"సముద్రంలో మునిగినా నాగీ. ఒకసారి వాళ్ళేసినారు. ఇంగోసారి నేనే పడినా."

నాగక్క చేతిలో పత్తి అట్లాగే ఉండిపోయింది. ఆమె బెదిరిపోకముందే అతను కావమ్మ మాటలు ఒక్కటీ వదలకుండా చెప్పాడు. పల్లె నిండా ఉన్న పిల్లల గురించి చెప్పాడు. జ్వరంతో ఇంట్లో పడుకున్న పోలయ్య గురించి చెప్పాడు. "ముందు పోయిన రెండూ నేను జేసింది గాదు నాగీ" అన్నాడు ఆఖరుకు.

"నువ్వు జేసినావని నేనెప్పుడన్నా అన్నానా?" అంది నాగక్క.

అనలేదు. నిజమే. ఎప్పుడూ అనలేదు. ఎందుకు అనలేదా అని ఉరుకుందు ఒక్కనాడూ ఆలోచించలేదు. నాగక్క ఒళ్ళోని పత్తి కింద పెట్టి, చేతులు కొంగుకు తుడుచుకుంది. తర్వాత అతని మొహంలోకి చూడకుండా అడిగింది.

"అట్లయితే... మొదటి బిడ్డప్పుడు, సూర్యునికి గ్రాణం బట్టిన పూట నేను మరిసిపోయి ఉల్లిగడ్డ కోసినా. ఎవురికీ చెప్పల్యా, నీకు గూడ. అది గూడ గాదా?"

ఇన్నేళ్ళూ ఒకే ఇంట్లో, ఒకే చాప మీద, ఎవరికి వారు దోషులమనుకుంటూ పడుకున్నారు.

"గాదు నాగీ" అన్నాడు. "అది గూడ గాదు."

నాగక్క ఆ సాలులోనే కూర్చుని, పోయిన ఇద్దరు బిడ్డల కోసం మొదటిసారి గట్టిగా, ఊరంతా విన్నా సరే అన్నట్టు ఏడ్చింది.