మీసం చాటు మాట

కోర్టు హాలు మధ్యలో మా గ్యాస్ పొయ్యి ఎందుకుందో తెలీదు, దాని మీద పాలు కాగుతున్నాయి, ఎదురుగా బోనులో మా ఆయన కోదండపాణి ఖైదీ చొక్కా తొడుక్కుని, మూతి నిండా అతికించిన గుబురు మీసంతో నిలబడి ఉన్నారు. పోయి ఏడాది దాటిన మనిషి. అయినా నాకు భయం వేయదు, ఒళ్లు మండుతుంది, ఇన్నాళ్లూ ఎక్కడ తిరుగుతున్నారండీ అని కేకలేస్తూ కొంగుతో గిన్నె దించబోతే అది జడ్జిగారి బల్ల మీది గంటైపోతుంది.

ఈ వేషం నాకు కొత్తేం కాదు. పాత నేరాల మీద టీవీవాళ్లు తీసే డాక్యుమెంటరీల్లో ఇరవయ్యేళ్లు ఆయనే హంతకుడు, ఆయనే బందిపోటు, జమీందారుకి విషం పెట్టిన వంటవాడూ ఆయనే. ఒక్కదాంట్లోనూ ఆయన గొంతు లేదు. కథంతా వెనకనుంచి ఒక గంభీరమైన గొంతు చెబుతుంది, వీళ్లు ఊరికే పెదాలు కదపాలి. సౌండు తీసుకోవట్లేదు, ఏదో ఒకటి మాట్లాడండి అంటాడట డైరెక్టరు. ఈయనేమో షావుకారు గుండెల మీద కత్తి పెట్టి, వంకాయల ధర మండిపోతోంది, గ్యాస్ బుక్ చేశావా అనేవారు. టీవీ ముందు కూర్చుని ఆ పెదాలు చదువుకుంటూ పడీపడీ నవ్వేదాన్ని. అవి నాకోసం అన్న మాటలే మరి.

చివరి షూటింగులో ఉరికంబం ఎక్కబోతూ వెనక్కి తిరిగి, కెమెరాలోకి చూసి ఏదో అన్నారు. అది తీసిన వారానికే గుండె ఆగింది. ఆ ముక్క ఎన్నిసార్లు చూశానో, పాడు మీసం, పై పెదవి కనపడి చావదు. పోనీ ఆ గొంతు ఇంకెక్కడైనా విందామా అంటే పెళ్లి వీడియోలో సైతం మాటల మీద సన్నాయి వేసేశారు, నా ఖర్మ.

అందుకే ఇప్పుడు బోను వైపు నడుస్తున్నాను, నడిచేకొద్దీ అది వెనక్కి జరుగుతోంది, ఎలాగో అందుకుని చేయి పట్టుకుంటే వెచ్చగా, ఎప్పటిలాగే ఉంది.

"ఏమండీ, ఆ రోజు వెనక్కి తిరిగి ఏమన్నారు?"

ఆయన నవ్వుతారు, చెప్పడానికి నోరు తెరుస్తారు, అందులోంచి ఆ గంభీరమైన గొంతు వస్తుంది.

"ఆ క్షణాన నిందితుడి మనసులో ఏముందో చరిత్రకు తెలియదు."

ఆయన కూడా బెదిరిపోతారు, గొంతు పట్టుకుని మళ్లీ ప్రయత్నిస్తారు, ఈసారి ఏవో సంవత్సరాలు, సాక్షుల పేర్లు వస్తాయి. మీసం పీకేస్తే పెదాలైనా చదువుకుంటాను కదా అని లాగుతాను, కింద ఇంకో మీసం, దాని కింద ఇంకోటి, గుప్పిళ్లు నిండిపోతున్నాయి, చేతులంతా గమ్ము, పాపం ఆయన తల వంచి ఓపిగ్గా మొహం అందిస్తున్నారు.

"పోనీ, రత్నం అని ఒక్కసారి పిలవండి, చాలు."

పిలుస్తున్నారు. మెడ నరాలు ఉబ్బేలా పిలుస్తూనే ఉన్నారు, ఆ గొంతు మాత్రం తీర్పు చదువుతోంది. ఎవరో ఆయన్ని ఉరికంబం మెట్ల వైపు నడిపిస్తున్నారు, పై మెట్టు మీద వెనక్కి తిరిగి ఆ మాటే మళ్లీ అంటారు, అదే మీసం వెనక. ఆగండి, ఆగండీ అని నేను గొంతు చించుకుని అరుస్తున్నాను, పాలు పొంగి నా కాళ్ల మీదుగా పారుతున్నాయి.

కళ్లు తెరిస్తే మధ్యాహ్నపు ఎండ మంచం మీద పడుతోంది. మా అమ్మాయి హిమజ నా భుజం పట్టి కుదుపుతోంది.

"ఏమైందమ్మా? ఇందాకట్నుంచీ పెదాలు కదుపుతున్నావు. చెవి దగ్గర పెట్టి విన్నాను, ఒక్క మాటా బయటికి రాలేదు."