గాబ్రియేలు చెప్పిన ఆట

మిషను బడిలో ఇంగ్లీషు చెప్పే గాబ్రియేలుకు లేవి పేరు వింటేనే ఒళ్లు మండేది. మండదా మరి? ఇద్దరికీ బేస్‌బాల్ నేర్పింది ఒకే అమెరికా దొర. బంతి బాగా విసిరేవాణ్ణి మద్రాసు క్లబ్బుకు పంపుతానని ఆయన అన్నరోజే గాబ్రియేలు పెట్టె సర్దుకున్నాడు. దొర మాత్రం జొన్నచేలో మంచె ఎక్కి చిలకల మీద రాళ్లు రువ్వుతూ పెరిగిన లేవిని పంపాడు. ఇంగ్లీషు ముక్క రానివాడు మద్రాసులో జీతం తీసుకుని ఆడుతున్నాడు. వచ్చినవాడు ఇక్కడ సుద్దముక్క అరగదీస్తున్నాడు.

యుద్ధం రోజులు. అమెరికా సోల్జర్లతో లేవి ఆడే ఆట మద్రాసు రేడియోలో వస్తుందని తెలిసి, ఆ మధ్యాహ్నం పేటంతా దొర బంగళా వరండాలోని రేడియో ముందు చేరింది. దొర నందికొట్కూరు వైపు క్యాంపు పోయాడు. రేడియోలో వచ్చేది ఇంగ్లీషు, అది తెలిసినవాడు గాబ్రియేలు ఒక్కడే. అందరూ తన నోటివంక చూస్తుంటే మొదట అతనికి హాయిగానే ఉంది.

చర్చికి కట్టుకునే తెల్లచీరతో లేవి తల్లి జీవమ్మ ముందు కూర్చుంది. "ఏమంటాండాడప్పా?" అని అడిగింది.

రేడియోలో మనిషి లేవిని ఆకాశానికెత్తుతున్నాడు. వాడు విసిరిన బంతిని సోల్జర్లు తాకనైనా లేకపోతున్నారట. ఆ మాట గాబ్రియేలు గొంతు దాటి రాలేదు.

"మనోడు తడబడతాండాడత్తా" అన్నాడు.

మొదటి అబద్ధమే కష్టం. ఆ తర్వాత లేవికి గురి కుదరలేదన్నాడు, సోల్జర్లు వాడి బంతుల్ని చితకబాదుతున్నారన్నాడు, చివరికి లేవిని ఆటలోంచి తీసేశారని కూడా చెప్పేశాడు. చెబుతుంటే కడుపు చల్లబడింది, పాపిష్టివాడికి.

జీవమ్మ అక్కడే మోకరించి కొడుకు కోసం ప్రార్థన అందుకుంది. ఆమెతోపాటు అందరూ తలలు వంచారు. గాబ్రియేలు కూడా వంచక తప్పలేదు.

ఆమెన్ అన్నారో లేదో, రేడియోలో చప్పట్లు మోగాయి. వెంటనే తెలుగు వినిపించింది.

"అమ్మా, నేను, లేవిని. గెలిచినామే! దొరలు నన్ను మైకు కాడికి పిలిచినారు. ఎట్లాడినానో గాబ్రియేలన్న ఈపాటికి అంతా చెప్పే ఉంటాడులే. ఆయన ఆడ ఉండంగా నాకేం దిగులు?"

తలలన్నీ గాబ్రియేలు వైపు తిరిగాయి. సంఘపెద్ద ప్రేమయ్య లేచి నిలబడ్డాడు.

"తీసేసినారంటివే, ఏం గాబ్రేలూ?"

"అరవద్దు ప్రేమయ్యన్నా" అంది జీవమ్మ. కళ్లు తుడుచుకుంటూ వచ్చి గాబ్రియేలు చెయ్యి పట్టుకుంది. "వాడు కావాలని చెప్తాడా? లేవీ, వీడూ నాకు ఒకటే. పాపం, ఆ ఇంగ్లీషు వీడికి తెలీలేదు, అంతే. రాదని ముందే చెప్పుంటే పోయేది కదప్పా, సిగ్గెందుకు?"

అతని బడికి పిల్లల్ని పంపే తండ్రులు ఒకరి మొహాలొకరు చూసుకున్నారు. నిజం చెబుదామని గాబ్రియేలు నోరు తెరిచాడు. జీవమ్మ చెయ్యి ఇంకా అతని చేతిమీదే ఉంది.

"రాదత్తా" అన్నాడు.