మరాల్డకు దక్కని చోటు

అగ్రపీఠాధిపతి కార్యాలయంలో ఇరవై తొమ్మిది సంవత్సరాలు లేఖకుడిగా పనిచేశాను. ఒక్క అబద్ధపు పత్రమైనా నా చేతి మీదుగా వెలువడలేదని చెప్పుకొనే అర్హత నాకు దాదాపుగా ఉన్నది. దాదాపుగా అని ఎందుకంటున్నానో చెప్పవలసి ఉన్నది.

ఫ్రా రుజ్జేరో మా తీరపట్టణానికి అగ్రపీఠాధిపతిగా వచ్చేనాటికి ఇరవై రెండేళ్లుగా బిచ్చమెత్తి బ్రతికే సన్యాసి, అందుకే పేరుకు ముందు ‘ఫ్రా’. పోపుగారి ఉత్తరువు చదివి వినిపించినప్పుడు ఆయన అడిగిన మొదటి ప్రశ్న, ఇకమీదట చెప్పులు వేసుకోక తప్పదా అని. తప్పదన్నాను.

ఆయన పీఠమెక్కిన నాలుగవ ఏట, ఈస్టరుకు ముందటి ఉపవాసదినాలలో, ఒక పడవవాడు ప్రధాన దేవాలయంలో బలిపీఠాన్ని కౌగిలించుకొని శరణు వేడాడు. కోట అధిపతి గ్వాల్తియేరి మనుషులు వాణ్ణి అక్కడినుండి ఈడ్చుకుపోయి ఉరితీశారు. అధిపతి వట్టికాళ్లతో గుడి గుమ్మానికి వచ్చి క్షమాపణ వేడేవరకు పట్టణమంతటా ఆరాధన నిలిపివేస్తున్నట్లు ఫ్రా రుజ్జేరో నాచేత ఆజ్ఞ వ్రాయించారు. గంటలు మూగపోయాయి. గుడి తలుపులకు తాళాలు పడ్డాయి. శిశువులకు జ్ఞానస్నానం, చావబోయేవారికి పాపాల ఒప్పుకోలు మాత్రమే మిగిలాయి. చనిపోయినవారిని ప్రార్థన లేకుండా, కొవ్వొత్తి లేకుండా, ఊరి గోడ బయట ఆలివ్ తోటలో పాతిపెట్టేవారు.

ఒకే ఒక్క మినహాయింపు సన్యాసుల మఠానిది. తమవారినీ, తమ సంఘంలో చేరిన గుర్తుగా తమ ముడుల తాడు నడుముకు కట్టుకొన్న గృహస్థులనూ వారు తమ ప్రహరీ లోపల మెల్లని గొంతుతో ప్రార్థించి సమాధి చేసుకోవచ్చును. అయితే ఆజ్ఞ వెలువడిన తరువాత తాడు కట్టుకొన్నవారికి ఆ హక్కు లేదు. ఆ షరతు చేర్చినది ఫ్రా రుజ్జేరోయే.

ఆయన తల్లి మరాల్డ రేవులో వలలు అల్లుకొని బ్రతికే ముసలామె. ఆమె భర్త తాపీమేస్త్రీ. మఠం గోడ కడుతూ పడి చనిపోతే సన్యాసులు ఆ గోడ నీడలోనే సమాధి చేశారు. ఆ సమాధి ప్రక్కన పడుకోవడం తప్ప మరాల్డ ఈ లోకంలో దేనినీ కోరలేదు.

మే నెలలో ఒకనాడు ఆమె చిక్కుడుపప్పు ముద్ద గిన్నెతో కార్యాలయంలోకి వచ్చి, నా పత్రాల మీదనే గిన్నె పెట్టింది.

"తినరా రుజ్జేరో. తిన్నాక లేచి ఆ తలుపులు తియ్యి."

"తలుపులు నా చేతిలో లేవమ్మా. గ్వాల్తియేరి చేతిలో ఉన్నాయి."

"మరి తాళం వేసింది నువ్వెందుకురా? వాడు కోటలో కూర్చుని మేకమాంసం తింటున్నాడు. దిక్కులేకుండా పోతున్నది మేం, రేవువాళ్లం. ఆ సాలె స్తెఫనీయ తన చంటిపిల్లని కుక్కపిల్లని పూడ్చినట్టు పూడ్చింది, తెలుసా?"

"తెలుసు." ఆయన గిన్నెవైపు చూస్తున్నారు. "ఇప్పుడు వదిలేస్తే రేపు ఇంకొకణ్ణి ఈడ్చుకుపోతాడమ్మా."

"రేపటిదాకా నేనుండాలిగా! మీ నాన్న పక్కన చోటు చూసుకునే వచ్చాను. మూరెడు చాలు, చిక్కిపోయాను." ఆమె నవ్వి నావైపు తిరిగింది. "ఏం మాస్త్రో ఉర్సోనే, సన్యాసులు అడిగినప్పుడు ఆ తాడు కట్టుకోవాల్సింది కదూ? నా వలల్లో ఉన్న ముడులే చాలన్నాను. పొగరు!"

ఆగస్టులో ఆమెకు జ్వరం తగిలింది. మూడవనాటికి వైద్యుడు పెదవి విరిచాడు. అప్పుడు నేనొక పని చేశాను. ఆమె ఆరేళ్ల క్రితమే తాడు కట్టుకొన్నదని ధ్రువీకరించే పత్రాన్ని పాత సిరాతో, పాత తోలుమీద స్వహస్తంతో వ్రాశాను. మఠాధికారి కన్నీళ్లు పెట్టుకొని ముద్ర వేశాడు. ఇక కావలసినది అగ్రపీఠాధిపతి సంతకం ఒక్కటే.

ఆయన దానిని రెండుసార్లు చదివారు. అక్షరాలు చక్కగా ఉన్నాయన్నారు.

"స్తెఫనీయ బిడ్డకి కూడా ఇలాంటిది ఒకటి రాస్తావా, ఉర్సోనే?"

"ప్రభూ, ఆమె మీ తల్లి."

"అవును. నాకు తల్లి కాకపోతే నువ్వు రాసేవాడివా?"

ఆయన పత్రాన్ని చింపలేదు, కోపించలేదు. మడిచి నా చేతిలో పెట్టి, చెప్పులు అక్కడే విడిచి, నడిమధ్యాహ్నపు ఎండలో కాలినడకన రేవుకు బయలుదేరారు. నేను వెంట నడిచాను.

మరాల్డకు స్పృహ ఉన్నది. పత్రం సంగతి మఠంవారి ద్వారా అప్పటికే ఆమె చెవిన పడింది.

"సంతకం పెట్టావా నాయనా?"

"పెట్టలేదమ్మా."

ఆమె చాలాసేపు ఆయన ముఖంలోకి చూసింది. తరువాత గోడవైపు తిరిగి పడుకొన్నది. ఆయన ఆమె పాదాల దగ్గర కూర్చొని, "అమ్మా, ఇటు చూడవే," అని అడిగారు. మళ్లీ అడిగారు. పొద్దు వాలకముందే ఆమె ప్రాణం పోయింది. ముఖం అటే ఉన్నది.

మరునాడు ఉదయం ఆయనా, నేనూ, ఇద్దరు జాలరులూ ఆమెను ఆలివ్ తోటకు మోసుకుపోయాము. ప్రార్థన చేయడానికి వీలులేదు, ఆయన పెదవులైనా కదపలేదు. తోట అంచున స్తెఫనీయ నిలబడి ఉన్నది.

"ఇప్పుడు తెలిసొచ్చిందా దొరా, ఎలా ఉంటుందో?" అన్నది.

"తెలిసింది తల్లీ."

"మాకు మార్చిలోనే తెలిసింది."

ఆయన తల వంచుకొని ఆ మాట స్వీకరించారు. మన్ను మాత్రం ఆయనే స్వయంగా కప్పారు.

తల్లికే దారి వదలనివాడు తనకు వదులుతాడన్న ఆశ గ్వాల్తియేరికి అప్పటితో పోయినట్లున్నది. పదకొండవనాడు వట్టికాళ్లతో, ఒంటి చొక్కాతో వచ్చి గుమ్మం ముందు మోకరిల్లాడు. గంటలు మోగాయి. పదకొండు రోజులు! నేను ఆ లెక్క ఎన్నడూ ఆయన ఎదుట అనలేదు. ఆయనా అనలేదు.

పాతిపెట్టినవారిని తవ్వి తెచ్చుకొనడానికి అనుమతి కోరుదామా అని నేను అడిగాను. సగం సమాధులకు గుర్తులు లేవనీ, గుర్తున్నవారిని మాత్రమే తేవడం న్యాయం కాదనీ ఆయన చెప్పి, ఆ తోటనే పవిత్రభూమిగా ప్రతిష్ఠించారు. మఠం గోడ నీడలో మేస్త్రీ ప్రక్క చోటు ఖాళీగానే ఉండిపోయింది.

తలుపులు తెరిచిన తరువాత జరిగిన మొదటి పూజలో, మా ఆచారం ప్రకారం, నిషేధకాలంలో మరణించినవారి పేర్లు ఎవరు ముందు పోతే వారివి ముందుగా చదవవలసి ఉన్నది. జాబితా నేను వ్రాసి ఇచ్చాను. గుడి క్రిక్కిరిసి ఉన్నది. ఆయన ఒక్కొక్క పేరూ స్పష్టంగా చదువుతూ వచ్చి, ఒకచోట ఆగారు. పెదవులు తెరుచుకొన్నాయి గాని శబ్దం రాలేదు.

అప్పుడు ఆడవారి వైపునుండి స్తెఫనీయ గొంతు వినిపించింది.

"మరాల్డ. మేస్త్రీ పెళ్లాం. రేవు."

ఆయన ఆమెవైపు ఒకసారి చూసి, తరువాతి పేరు చదివారు.