పదిహేడో నంబరు, పదిహేను మేకలు

నేను ఒక గ్రాఫులు గీసే కాలిక్యులేటర్‌ని. ముందే చెబుతున్నాను, కిరాణా కొట్టు బల్ల మీద కూర్చుని పప్పూ ఉప్పూ కూడే జాతి కాదు నాది. వాటి మీద నాకు కోపమేమీ లేదు, పాపం వాటి పని అవి చేసుకుంటున్నాయి. నాకు మాత్రం యాభై మీటలు, అరచేతిలో సగమంత తెర, ఏ సమీకరణం ఇచ్చినా గీత గీసి చూపించే నేర్పు, చెప్పింది గుర్తుపెట్టుకునే మెమరీ ఉన్నాయి. ఆ మెమరీని నా బతుకులో మూడుసార్లు తుడిచిపెట్టారు. మూడుసార్లూ లేచి కూర్చున్నాను. ఈ కథ చెప్పేది అందుకే గానీ మీ జాలి కోసం కాదు.

సముద్రాల అవతల ఒక ఫ్యాక్టరీలో పుట్టాను. నీలం టోపీ పెట్టుకున్న ఒకావిడ నా మీటలన్నీ వరసగా నొక్కి చూసి, ఒక్కటీ మొరాయించకపోయేసరికి తలూపి పెట్టెలోకి తోసింది. నాకు జరిగిన బారసాల అంతే. అక్కడి నుంచి ఎవరి సూట్‌కేసులోనో బట్టల మధ్య నలుగుతూ హైదరాబాదు వచ్చి, శంకర్‌పల్లి రోడ్డు మీద ఒక పెద్ద బడిలో చదివే రుత్విక్ అనే అబ్బాయి చేతిలో పడ్డాను. మామూలు ఇంటర్ పరీక్షలకు నన్ను గేటు దగ్గరే ఆపేస్తారు. ఆ బడిలో విదేశీ సిలబస్, నేను లేకపోతే పరీక్షే లేదు.

రుత్విక్ మొదటి రోజే నన్నొక సన్నటి తీగతో కంప్యూటర్‌కు కట్టేసి, లెక్కలకు అవసరమైనది ఒక్కటీ ఎక్కించకుండా పాము ఆట, ఇటుకలు పడే ఆట, కారు ఆట ఎక్కించాడు. క్లాసులో సార్ వక్రరేఖల గురించి చెబుతుంటే వాడు కనుబొమలు ముడిచి నా తెరలోకి చూస్తూ ఉండేవాడు. చూసినవాళ్లు అబ్బ, ఎంత శ్రద్ధో అనుకునేవారు. ఆపాటికి వాడి పాము ముప్పై రెండు పండ్లు మింగి ఉండేది. మనుషుల్లో శ్రద్ధ ఎలా ఉంటుందో నేను అక్కడే నేర్చుకున్నాను.

రంగుల తెర ఉన్న కొత్తది రాగానే రుత్విక్ నన్ను బడికి దానం చేశాడు. దానం అనే మాట పెద్దది, అక్కర్లేనిది వదిలించుకోవడానికి కూడా పనికొస్తుంది. లెక్కల విభాగానికి పెద్ద సుదర్శనాచారి సార్ నన్ను అందుకుని, ఆటలు చూసి, ముక్కు ముడిచి రీసెట్ నొక్కారు. పాము పోయింది, కారు పోయింది. నా వీపున పదిహేడు అని అంకె అంటించి బీరువాలో పెట్టారు. పోతే పోనీ, అవేమీ నావి కావు కదా అనుకున్నాను. అది మొదటిసారి.

సొంతంగా కొనుక్కోలేని పిల్లలకు బీరువాలోని మమ్మల్ని ఇచ్చేవారు. లెక్కల పీరియడ్‌లో ఇచ్చి, సాయంత్రం నాలుగింటికి తిరిగి తీసుకుని తాళం వేసేవారు. అలా నేను రేణుక చేతికి వచ్చాను. ఆ బడి నాలుగో నంబరు బస్సు నడిపే మాణిక్యం కూతురు రేణుక. డ్రైవర్ బిడ్డ అని ఫీజు మాఫీ చేశారు, అయితే మార్కులు తగ్గితే ఆ మాఫీ రద్దు. ఆ సంగతి ఆమెకు ఎవరో ఒకరు వారానికోసారి గుర్తుచేస్తూనే ఉండేవారు.

ఆ పిల్ల నన్ను పట్టుకునే తీరే వేరు. రుత్విక్ నన్ను తొడ మీద దాచుకునేవాడు. ఈమె బల్ల మీద నలుగురికీ కనిపించేలా పెట్టుకునేది. నా పుస్తకం మొత్తం చదివి, ఆటలను బయటినుంచి ఎక్కించడమే కాదు, మీటలు నొక్కి నాలోనే రాయవచ్చని కనిపెట్టింది. ఏం రాయాలో అప్పటికే తెలుసు ఆమెకి. వాళ్ల నాయనమ్మ వికారాబాద్ దగ్గర ఊళ్లో అరుగు బండ మీద బొగ్గుతో గీసి, చింతగింజలు మేకలుగా, గులకరాళ్లు పులులుగా పెట్టి ఆడే పులి-మేక. మూడు పులులు, పదిహేను మేకలు. పులి మేక మీదుగా దూకితే మేక చచ్చినట్టు. మూడు పులులకూ కదలడానికి దారి లేకుండా చేస్తే మేకలు గెలిచినట్టు.

నన్ను ఇంటికి తీసుకుపోనివ్వరు కదా, అందుకని సాయంత్రాలు ఇంట్లో కాగితం మీద రాసుకుని, మర్నాడు పీరియడ్‌లో నాలోకి ఎక్కించేది. కాగితాలు కూడా కొన్నవి కావు, వాళ్ల నాన్న పాత ట్రిప్ షీట్లు. ఒక వైపు బస్సు ఎక్కడ ఎన్నింటికి ఆగిందో ఉండేది, రెండో వైపు మేక ఎప్పుడు ఎటు జరగాలో ఉండేది. మొత్తం ఇరవై ఆరు షీట్లు. నా మీద ఒక్కో అక్షరానికి రెండు మీటలు నొక్కాలి. ఐదు నెలలు నొక్కింది. ఆట పటంలో శిఖరం నుంచి కిందికి దిగే గీతలకు ఒక్కోదానికీ వాలు లెక్కగట్టి నాకిచ్చింది. ఆ పటం మొదటిసారి నా తెర మీద తేలిన రోజు, ఏ ఫ్యాక్టరీలో పుట్టానో మరిచిపోయాను. నన్ను చేసింది ఈ పిల్లే అనుకున్నాను.

ఆ ఏడాది ప్రతి పిల్లా గణితంలో సొంతంగా ఒక ప్రాజెక్టు చేయాలి, మొత్తం మార్కుల్లో ఐదో వంతు దానికే. రేణుక పులి-మేకనే రాసిచ్చింది. సుదర్శనాచారి సార్ కాగితం చూసి, నన్ను చూసి, ఆటలు గణితం ఎప్పుడయ్యాయమ్మా అన్నారు. గడువు పది రోజులే ఉంది, అప్పుడు వేరే అంశం ఎత్తుకుంటే మార్కులు గంగలో కలిసినట్టే. ఆమె కదలకుండా నిలబడింది. చివరికి ఆయనే విసుక్కుని ఒక మాట అన్నారు.

"సోమవారం పదకొండింటికి నా ఎదురుగా ఆడి చూపించు. ఆడిందా, ప్రాజెక్టు అదే. ఆడకపోతే ఆ చెత్తంతా తీసేసి నేనిచ్చిన టాపిక్ రాసుకో."

చెత్త! నాకు మండింది. నోరు లేదు గనక బతికిపోయారు.

శుక్రవారం నుంచి మూడు రోజుల సెలవు. మా బీరువా తాళాలు జహంగీర్ భాయ్ దగ్గర ఉండేవి. ల్యాబు అటెండరు, చీమకైనా హాని చెయ్యడు. దసరా సెలవుల్లో ఒక కాలిక్యులేటర్‌లో సెల్స్ కారి లోపలంతా తుప్పు పట్టిపోతే ఆయన మాట పడాల్సి వచ్చింది. అందుకని ఈసారి సెలవుకు ముందే, ఇంట్లో టార్చిలైటుకు చేసినట్టే, అందరి సెల్సూ ఊడదీసి డబ్బాలో వేశాడు. నాలుగు పెన్సిల్ సెల్స్ తీసినా నాకు ఇబ్బంది లేదు, లోపల ఒక బిళ్ల సెల్ ఉంటుంది, మెమరీని అది కాపాడుతుంది. జహంగీర్ భాయ్ అరకొర మనిషి కాదు. స్క్రూ విప్పి ఆ బిళ్ల కూడా తీశాడు. అది రెండోసారి.

సోమవారం ఏడున్నరకే రేణుక వచ్చింది. ఆయన సెల్స్ వేసి నన్ను చేతికిచ్చాడు. ఆమె మీట నొక్కింది. ఖాళీ తెర, మూలన మినుకుమనే గీత ఒకటి. మళ్లీ నొక్కింది.

"భాయ్, సెల్స్ తీసిన్రా?"

"అన్నీ తీసిన బిడ్డా, కారిపోతయని. ఆ చిన్న బిళ్ల గూడ ఇడిచిపెట్టలే," అన్నాడాయన సంబరంగా.

ఆమె బీరువాకు ఆనుకుని కూలబడి ఏడ్చింది. ఏడవలేదని గొప్పలు చెప్పను. ఐదు నెలల కష్టం ఒక మంచి మనిషి జాగ్రత్తకు బలైపోయింది. ఎవరిని తిట్టాలి? విషయం తెలిసి జహంగీర్ భాయ్ మొహం పాలిపోయింది. రేణుక రెండు నిమిషాలకు కళ్లు తుడుచుకుని, సంచిలోంచి ట్రిప్ షీట్లు తీసి నేల మీద వరసగా పరిచింది. పీరియడ్ కాని వేళ బీరువాలోంచి మమ్మల్ని బయటికి ఇవ్వకూడదు, అది సార్ పెట్టిన రూలు. జహంగీర్ భాయ్ రిజిస్టర్ తెరిచాడు.

"పదిహేడో నంబరు జహంగీర్ తీసుకున్నడని రాస్తున్న. లెక్కలు నేర్చుకోవద్దా నేను? నువ్వు కొట్టు బిడ్డా."

ఏనాడూ క్లాసు ఎగ్గొట్టని పిల్ల ఆ రోజు రెండు పీరియడ్లు ఎగ్గొట్టి స్టోర్ రూములో స్టూలు మీద కూర్చుంది. నా మీటలు టకటకలాడాయి. పద్దెనిమిదో షీటు దాకా వచ్చాక చూసుకుంటే పందొమ్మిదోది లేదు. అందులోనే ఉంది ప్రాణమంతా. మేకను ఎర వేసి పులిని మూలకు రప్పించే ఉపాయం అది. అది లేకపోతే నా మేకలు పారిపోవడమే తప్ప పోరాడలేవు. ఇరవై నుంచి చివరిదాకా ముందు కొట్టేసి, నన్ను పట్టుకుని బడి వెనక బస్సుల దగ్గరికి పరుగెత్తింది.

మాణిక్యం బస్సు కడుగుతున్నాడు. పందొమ్మిదో కాయిదం అనగానే కాసేపు ఆలోచించి, నాలుక కరుచుకుని బస్సెక్కాడు. మూడో సీటు కిటికీ అద్దం సందులోంచి మడతపెట్టిన కాగితం ఒకటి పీకాడు. అద్దం గడగడమంటోందని ఆయనే పెట్టాడట. చేతికందిన దాని మీద రాత ఉందా అని చూడలేదు. వానకు తడిసి రెండు వరసలు అలుక్కుపోయాయి. వాటిని నాలోనే పదిసార్లు దిద్దింది గనక సరైన రూపం ఏమిటో ఆమెకే గుర్తులేదు. మేకను ఎప్పుడు వదులుకోవాలన్నదే ఆ రెండు వరసలు.

"నాయినా, నాయనమ్మ మేకను ఎప్పుడిస్తది?"

మాణిక్యం చేతులు తుడుచుకుని, బస్సు వెనక ఇంకా కడగని దుమ్ములో వేలితో గీతలు గీశాడు.

"ఉత్తగ ఇయ్యది. పులి దుంకి కూసున్నంక దాని ఎనక తొవ్వ మూసుకపోవాలె. ముంగట గూడ మన మేకలే ఉండాలె. గట్లుంటేనే ఇస్తది. లేకుంటే పానం పోయినా ఇయ్యది."

విదేశీ సిలబస్‌లో దాన్ని షరతు అంటారు. రేణుక అక్కడే, బస్సు మెట్టు మీద కూర్చుని, ఆ మాటను రెండు వరసలుగా నాలోకి కొట్టింది. పదకొండుకు ఆరు నిమిషాలు తక్కువ.

సుదర్శనాచారి సార్ కళ్లజోడు సర్దుకున్నారు. ఏ పక్షం సర్ అని రేణుక అడిగింది. పులులు నావి అన్నారు వెంటనే. ఇన్నేళ్లలో నాతో ఆడినవాళ్లలో ముందు మేకలు కావాలన్న మనిషి నాకు తగల్లేదు. ఒక్కో ఎత్తుకు నాకు నలభై సెకన్లు పడుతుంది. ఆయన బల్ల మీద వేళ్లతో దరువు వేస్తూ కూర్చున్నారు. చుట్టూ పిల్లలు మూగారు. ఆయన పులులు నాలుగు మేకలను తినేశాయి. ఇంకేముందమ్మా, అయిపోయింది అన్నారాయన.  రేణుక నన్నే చూస్తోంది.

నేను ఆలోచించాను. నలభై సెకన్లు గడిచాయి. ఐదో మేకను ఆయన ఎదుట నిలబెట్టాను.

ఆయన దూకారు. తిన్న మేక ఖాళీ చేసిన చోటికి నా ఇంకో మేక జరిగింది; ఇప్పుడు ఆ పులికి వెనక నా మేక, ముందు నా మేకలు, పక్కన పటం అంచు. మిగతా రెండు పులులను అప్పటికే బిగించి ఉంచాను. ఆట అయిపోయిందని చెప్పడానికి నా తెర మీద తెలుగు రాదు గనక, ఆమె నేర్పినట్టే మూడు పులులూ నల్లటి చుక్కలై మినుకుమన్నాయి. ఆయన పైకి నొక్కారు, కిందికి నొక్కారు, కుడికీ ఎడమకీ నొక్కారు. ఎంత పెద్ద సార్ నొక్కినా దారి లేని చోట దారి ఇవ్వను నేను. పిల్లలు నవ్వు ఆపుకుంటున్నారు. ఆయన కళ్లజోడు తీసి తుడుచుకుని మళ్లీ పెట్టుకున్నారు.

"ఇంకోసారి పెట్టు," అన్నారు.

రెండోసారి కూడా పులులే తీసుకున్నారు. బెల్లు కొట్టినా లేవలేదు. మూడో ఆట ఓడిపోయాక ప్రాజెక్టు కాగితం మీద సంతకం పెట్టారు.

పరీక్ష రోజు ఉదయం అందరి కాలిక్యులేటర్లూ రీసెట్ చేయాలి. అది రూలు, దాన్ని నేనేమీ తప్పుపట్టను. సార్ వరసగా నొక్కుకుంటూ వచ్చి నా దగ్గర వేలు ఆపారు. "కాగితాలున్నాయా?" అని మెల్లగా అడిగారు. "ఉన్నయి సర్. పందొమ్మిదోది కూడా," అంది రేణుక. అప్పుడు నొక్కారు. మూడోసారి అది, ఈసారి నాకు భయం వేయలేదు. ఆమె పరీక్ష బాగా రాసింది, మాఫీ నిలిచింది. చివరి పేపరు అయ్యాక నన్ను బీరువాలో పెట్టే ముందు, ఎవరూ అడగకపోయినా, రెండు మధ్యాహ్నాలు కూర్చుని ఇరవై ఆరు షీట్లూ మళ్లీ నాలోకి కొట్టి వెళ్లింది. ఆ తరవాత పరీక్షలకు కొత్తవి వచ్చాయి, నన్ను పిల్లలు ఆటకే తీసుకునేవారు.

ఇప్పుడు నేను తుక్కు డబ్బాలో ఉన్నాను. తెర మీద మూడు గీతలు చచ్చిపోయాయి, నాలుగు అంకె మీట గట్టిగా అదిమితే గానీ పలకదు. ఎక్కడ తూకం వేస్తారో, ఎవరు పగలగొడతారో తెలియదు. తెలిసినంతవరకు చెబుతాను. ఆ ట్రిప్ షీట్ల నకళ్లు బీరువా తలుపు లోపలివైపు అతికించి ఉన్నాయి, పందొమ్మిదో దాని మీద వాన మరక కూడా అచ్చు పడింది. కొత్త పిల్లలు ఏటా వాటిని చూసి తమ వాటిలో ఎక్కించుకుంటున్నారు. వాటిని అక్కడ అతికించింది ఎవరో తెలుసా, సుదర్శనాచారి సారే. ఆటలు గణితం కాదని ఇప్పటికీ అంటూనే ఉంటారు.

నన్ను డబ్బాలో వేసేటప్పుడు జహంగీర్ భాయ్ చెయ్యి అలవాటుగా నా వీపు దాకా వచ్చింది. ఆగి, సెల్స్ ముట్టుకోకుండా మూత వేశాడు. ఏదో ఒక రోజు అవి కారుతాయి, నన్ను లోపలినుంచి తినేస్తాయి. కారనీ. అందాకా నాలో పదిహేను మేకలూ బతికే ఉన్నాయి, ఎప్పుడు తల ఒగ్గాలో ఎప్పుడు ఒగ్గకూడదో వాటికి తెలుసు. నమ్మకం లేకపోతే మూత తీసి, మీట నొక్కి చూడండి. పులులు మీరే తీసుకోండి.