కౌశల్ చెప్పాడు

గ్రైండర్లో పిండి తిరుగుతుండగానే హాల్లో ఫోను మోగింది. భారతి చెయ్యి కొంగుకు తుడుచుకుని రిసీవర్ ఎత్తింది. ఆనేకల్‌లో ఎరువుల అంగడి పెట్టుకున్న వెంకటేశప్ప.

"అమ్మా, పొద్దున్నుంచీ బిల్లు రాలేదు. డీ ఎల్ ఎల్ ఫైలంట, కనబడలేదని తెర మీద రాసుండాది. కౌశల్ సారు ఉండాడా?"

"బయటికెళ్ళారు. ఏం జరిగిందో చెప్పండి, అడిగి చెప్తాను."

ఆయన అల్లుడు నిన్న జాతకాల ప్రోగ్రాం ఒకటి వేశాడట. నచ్చక తీసేశాడట. తీసేస్తుంటే, ఈ ఫైలు ఇక ఎవరికీ పనికిరాదేమో, తీసేయనా అని కంప్యూటర్ అడిగిందట. అంత మర్యాదగా అడుగుతోంది కదా అని సరేనన్నాడట. వింటుండగానే భారతికి జబ్బూ తెలిసింది, మందూ తెలిసింది. కానీ వెంటనే చెప్పకూడదు. అది ఇంట్లో నియమం. ఫోను పెట్టేసి, వంటింట్లోకి వెళ్ళి, గ్రైండర్ అంచులకు అంటుకున్న పిండిని లోపలికి తోసి, కాసిన్ని నీళ్ళు పోసి, మళ్ళీ వచ్చి ఆనేకల్‌కు ఫోన్ చేసింది.

"కౌశల్ చెప్పాడు. వఠారంలో ఒక కాపురం ఖాళీ చేసి పోతూ అందరూ వాడుకునే బోరింగు పంపు చెయ్యి ఊడబెరుక్కుపోతే ఎలా ఉంటుందో, అదే జరిగిందట. ఆ ఫైలు జాతకాల ప్రోగ్రాం వాడుకుంది, మనదీ వాడుకుంటుంది. మేమిచ్చిన సీడీ పెట్టి మళ్ళీ ఎక్కించండి, వచ్చేస్తుందట."

"ఎంత బాగ చెప్పినాడమ్మా. బుర్రంటే ఆయప్పదే."

కౌశల్ అనేవాడు ఈ భూమ్మీద లేడు. రాజగోపాల్ బిల్లింగ్ సాఫ్ట్‌వేర్ వ్యాపారం మొదలుపెట్టిన కొత్తలో వాణ్ణి కన్నాడు. "ఇంట్లో ఆడమనిషి చెప్తే అంగళ్ళవాళ్ళు నమ్మరు భారతీ. ఉత్తరాది పేరొకటి పెడితే కాస్త భయం, భక్తీ ఉంటాయి," అన్నాడు. భారతి అప్పుడు నవ్వింది. ఆటలా అనిపించింది. ఆట ఆటగానే ఉంటే బాగుండేది. మదనపల్లెలో కంప్యూటర్ డిగ్రీ చదివిన పిల్ల, కాడుగోడిలో కాపురానికొచ్చి, ఆ బిల్లింగ్ ప్రోగ్రాం అంతా తానే రాసి, చివరికి లేని మగవాడి తరఫున కబురు మోసే మనిషైంది. తప్పు దొరికితే మాత్రం అది భారతిది. "ఏం విన్నావో, ఏం చెప్పావో," అనేవాడు మొగుడు. ఒప్పైతే కౌశల్‌ది. దీపావళికి కౌశల్ పేరుమీద మైసూర్‌పాక్ డబ్బాలొచ్చేవి. వాటిని తింటూ అత్త సుంకమ్మ నిజంగానే మురిసిపోయేది. వాడు లేడని ఆమెకు ఎవరూ చెప్పలేదు మరి. "ఆ పిల్లోడు లేకుంటే మావాని యాపారం ఏమయ్యేదో. నువ్వు ఉండావు, ఊరికే ఆ కంప్యూటరు డబ్బా ముందర కూర్చుంటావు, చారులో ఉప్పేస్తివో లేదో కూడా తెలీదు." వినివిని భారతికి ఒళ్ళు మండేది. లేనివాడి మీద అసూయపడే ఖర్మ ఇంకే ఆడదానికైనా పట్టిందా అనుకునేది.

మళ్ళీ ఫోను మోగింది. ఈసారి రాజగోపాలే. సర్జాపుర రోడ్డులో కొత్తగా కట్టిన పెద్ద స్టోరుకు ప్రోగ్రాం ఎక్కించడానికి పొద్దున్నే ఇస్త్రీ చొక్కా వేసుకుని వెళ్ళాడు.

"ఆఁ, కౌశల్, నేనే," అన్నాడు గట్టిగా, పక్కనున్నవాళ్ళకు వినిపించేలా. "మనది ఎక్కించాను. ఇక్కడ పనివాళ్ళ హాజరు ప్రోగ్రాం ఆగిపోయింది. ఏమిటయ్యా సంగతి?"

ఏమిటయ్యా. పెళ్ళాన్ని, పట్టపగలు, ఏమిటయ్యా.

"ఎక్కించేటప్పుడు, ఇక్కడున్న ఫైలు కొత్తది, ఉంచనా అని అడిగిందా?" అంది భారతి.

"అడిగింది. వద్దన్నాను. మనదే కదయ్యా కొత్తది."

మూడు ఊళ్ళలో ఇదే చేశాడు. మూడుసార్లూ భారతి అన్నం వడ్డిస్తూ చెప్పింది, ప్రోగ్రాం మనది కొత్తదే, దాంట్లో ఉన్న ఆ ఒక్క ఫైలు పాతది, అది వాళ్ళ కొత్తదాని మీద పడితే వాళ్ళ ప్రోగ్రాం ఆగిపోతుంది, ఉంచనా అంటే ఉంచమనండి అని. "సరేలే, పెరుగెయ్యి," అన్నాడు. తనది పాతదై ఉండొచ్చన్న ఊహే ఆ మనిషికి తట్టదు.

"నాకియ్యప్పా ఫోను, ఆయప్పతో నేనే మాట్లాడతా," అని అవతల ఎవరో అన్నారు. "వద్దండీ, వాడికి గొంతు బాలేదు," అని రాజగోపాల్ అంటుండగానే రిసీవర్ చేతులు మారింది.

"కౌశల్ సారా? నేను ఆదినారాయణప్ప, స్టోరు నాది. జీతాల రోజప్పా ఇది. పనోళ్ళు వాకిట్లో నిలబడుండారు. ఏం చెయ్యాల?"

భారతి నాలుక మీద పాత మాట సిద్ధంగానే ఉంది. బయటికెళ్ళారండీ, అడిగి చెప్తాను. అది అనేస్తే చాలు. మొగుడి పరువు నిలబడుతుంది, రాత్రికి ఇల్లు ప్రశాంతంగా ఉంటుంది, కౌశల్‌కు ఇంకో మిఠాయి డబ్బా వస్తుంది. ఈసారి ఆ మాటను మింగేసింది. కోపం వచ్చింది. ఆ కోపం ఎంతో హాయిగా ఉంది.

"కౌశల్ అనే మనిషి లేడండీ. ఎప్పుడూ లేడు. ఆ ప్రోగ్రాం రాసింది నేను, ఇన్నాళ్ళూ బాగుచేస్తున్నదీ నేనే. నా పేరు భారతి. రాజగోపాల్ గారి భార్యని."

ఆదినారాయణప్ప నేరుగా పనిలోకి వచ్చాడు.

"మరి ఇది సరి చేస్తావామ్మా?"

"చేస్తాను. మీ హాజరు ప్రోగ్రాం సీడీ తీసి పెట్టండి. మీ కొత్త ఫైలు మళ్ళీ దాని చోట పెడతాను. మాకు కావాల్సిన పాతది మా ఫోల్డర్లోనే పెట్టుకుంటే ఎవరి దారి వాళ్ళది. నేనొచ్చేదాకా ఎవర్నీ ఏ బటనూ నొక్కనివ్వకండి. మా ఆయన్ని కూడా."

అటు ఏదో గొణుగుడు. మళ్ళీ రాజగోపాల్ గొంతు, ఈసారి గుసగుసగా. "ఏం పని ఇది? నా మొహం ఎక్కడ పెట్టుకోవాలి?"

"అక్కడే ఉండండి, వస్తున్నాను. నేను పని చేసేటప్పుడు పక్కన కూర్చుని చూడండి. విజిటింగ్ కార్డు మీద కౌశల్ పేరు కొట్టేసి నా పేరు అచ్చువేయించండి. లేదంటే ఆ ప్రోగ్రాం నేను విడిగా అమ్ముకుంటాను."

జవాబు కోసం ఆగలేదు. గ్రైండర్ ఆపింది. పిండి సగమే నలిగింది, నలగనీ. చీర మార్చుకుని, సీడీలు సంచిలో వేసుకుని, వర్తూరు మీదుగా పోయే బస్సుకు బయల్దేరింది. సుంకమ్మ హాల్లో నోరు తెరుచుకుని కూర్చుంది. అంతా విన్నది, సగమే అర్థమైంది.

"యాడికి పోతాండావే? పిండి?"

"మీరు చూసుకోండత్తా."

చెప్పులు వేసుకుంటుండగా ఫోను మళ్ళీ మోగింది. అలవాటు కొద్దీ సుంకమ్మ కోడలి వైపు చూసింది.

"ఎత్తవే. ఆ పిల్లోని కోసమేమో."

భారతి తలుపు తీసింది.

"మీరే ఎత్తండత్తా. ఆ పిల్లోడు ఇయ్యాలే పని మానేసినాడని చెప్పండి."